కాలయంత్రం ఏ విజయనగరానికి?

కాలయంత్రం సాహిత్యంలోకి కేవలం వినోదం కోసం రాలేదు. వచ్చిననాడే వర్గ సమస్యను వెంటబెట్టుకుని వచ్చింది. 1895లో హెచ్.జి. వెల్స్ ప్రచురించిన 'ది టైమ్ మెషీన్' నవలలో ప్రయాణికుడు క్రీ.శ. 8,02,701లోకి వెళ్తాడు. అప్పటికి మానవజాతి రెండుగా చీలిపోయి ఉంటుంది. నేల మీద ఎండలో ఆడుకునే ఎలాయిలు ఒకవైపు, నేల కింద చీకట్లో యంత్రాలతో బతికే మార్లాకులు మరొకవైపు. పైవాళ్లు తీరుబడి వర్గపు సంతానమనీ, కిందివాళ్లు శ్రామికుల సంతానమనీ ప్రయాణికుడు నిర్ధారణకు వస్తాడు. తన కాలపు ఇంగ్లండులోని చీలికనే వెల్స్ అంత దూరం సాగదీసి చూపాడన్నమాట. ఇవాళ మామూలుగా కనబడే అన్యాయాన్ని దాని చివరిదాకా నడిపించి చూపడమే ఈ యంత్రం వల్ల రచయితకు కలిగే అసలు ప్రయోజనం.

తెలుగులో ఈ వస్తువును సామాన్య జనం దాకా తెచ్చిన ఘనత సింగీతం శ్రీనివాసరావు దర్శకత్వంలో 1991లో వచ్చిన 'ఆదిత్య 369' చిత్రానిది. ప్రొఫెసర్ రాందాస్ తయారు చేసిన యంత్రంలో కృష్ణకుమార్, హేమ 1526 నాటి రాయల విజయనగరానికీ, ఆ తర్వాత 2504కూ వెళ్తారు. ఈ సినిమాను తేలిగ్గా తీసిపారెయ్యడం నా ఉద్దేశం కాదు. అణుయుద్ధం తర్వాత భూగర్భంలో తలదాచుకున్న మనుషుల్ని చూపడంలో యుద్ధ వ్యతిరేక దృష్టి ఉంది. అది అభ్యుదయకరమైన అంశమే.

అయితే వెల్స్ యంత్రం మన దగ్గరికి వచ్చింది గాని, అతని ప్రశ్న రాలేదు. వెల్స్ నవలలో నేల కిందికి వెళ్లింది కష్టజీవుల సంతానం. సినిమాలో యుద్ధం అందరినీ ఒకేలా కిందికి తోసింది. యుద్ధం ఎవరి లాభం కోసం జరిగింది, ఆ నేలమాళిగలో మొదట చోటు దొరికింది ఎవరికి అన్న విచికిత్స లేదు. గతంలోకి వెళ్లినప్పుడూ ఇంతే. మనం చూసేది సభ, కవి, నర్తకి, వజ్రం. ఆ వజ్రాన్ని తవ్వి తీసిన చేతులూ, ఆ సభను పోషించిన పన్ను కట్టిన రైతూ యంత్రం కిటికీలోంచి కనబడరు. కాలయంత్రంలోని మొదటి ప్రమాదం ఇదే. గతం అంటే రాజుగారి కొలువు అని పాఠకుడి చేత నమ్మించడం.

మాకూ ఒక విజయనగరం ఉంది. అది తుంగభద్ర ఒడ్డుది కాదు. వెల్స్ నవలకు మూడేళ్ల ముందు, 1892లో, ఇక్కడ 'కన్యాశుల్కం' నాటకం ఆడారు. 1897లో అచ్చయింది. ఆ అచ్చుప్రతికి గురజాడ రాసిన ఇంగ్లీషు పీఠికలో మహారాజావారు తయారు చేయించిన ఒక జాబితా ప్రస్తావన ఉంది. విశాఖపట్నం జిల్లాలో మూడేళ్లలో నమోదైన బ్రాహ్మణ శుల్క వివాహాలు 1,034. అందులో అయిదేళ్ల పిల్లలు 99 మంది, నాలుగేళ్లవాళ్లు 44 మంది, మూడేళ్లవాళ్లు 36 మంది, రెండేళ్లవాళ్లు ఆరుగురు, ఏడాది పిల్లలు ముగ్గురు. కడుపులో ఉన్న బిడ్డకు కూడా ఒక్కోసారి బేరం కుదిరేదని గురజాడ రాశాడు. పుట్టని మనిషి భవిష్యత్తును ఇవాళే అమ్ముకోగలిగిన ఏర్పాటు కాలాన్ని వంచే యంత్రం కాక మరేమిటి? దానికి చక్రాలూ మీటలూ లేవు. ఆచారం, డబ్బు ఉన్నాయి.

రెండో యంత్రం అప్పు. 1960లలో కాళీపట్నం రామారావు రాసిన 'యజ్ఞం'లో అప్పల్రాముడి పాత బాకీ పంచాయితీకి వస్తుంది. ఎన్నడో తీసుకున్న డబ్బు ఇంకా కళ్లు తెరవని తరాన్ని కూడా పట్టుకుంటుంది. తన కొడుకు బానిస కాకూడదని సీతారాముడు ఆ పసివాణ్ని చంపేస్తాడు. ఈ ముగింపు మీద విమర్శకుల్లో ఎన్నో వాదాలు నడిచాయి. నాకు మాత్రం అది భవిష్యత్తుకు పోయే దారిని గతం మూసేసినప్పుడు మనిషి వేసిన కేకలా వినిపిస్తుంది.

ఆ మధ్య మా బడిలో తొమ్మిదో తరగతి పిల్లల్ని, ఇలాంటి యంత్రం దొరికితే ఎక్కడికి పోతారని అడిగాను. చాలామంది రాయలవారి సభకు అన్నారు. ఒక కుర్రవాడు మాత్రం, "మా తాత ఏలిముద్ర ఏసిన రోజుకి ఎల్తాను మాస్టారూ, ఎయ్యొద్దని సెప్తాను" అన్నాడు. సినిమా కథానాయకుడి కోరిక కంటే ఇది న్యాయమైన కోరిక. కాని ఆ తాత వేలిముద్ర వెయ్యకపోతే ఆ రాత్రి ఆ ఇంట్లో పొయ్యి ఎలా వెలిగేది? ఒక తాత చెయ్యి పట్టుకుని ఆపితే అప్పు ఆగదు. పక్కింటి తాత వేస్తాడు.

రెండో ప్రమాదం ఇక్కడుంది. కాలయంత్రపు కథలు సాధారణంగా చరిత్రను ఒక్క మనిషి సరిదిద్దగల పొరపాటుగా చూపుతాయి. 2022లో వచ్చిన 'ఒకే ఒక జీవితం' చిత్రంలో కూడా నాయకుడు తన తల్లిని బతికించుకోవాలని బాల్యంలోకి వెళ్తాడు. ఆ ఆర్తి నిజమైనదే, ప్రేక్షకుణ్ని కదిలిస్తుంది. కాని అది ఒక ఇంటి గుమ్మం దాటదు. 'యజ్ఞం'లో అలా కాదు. స్వాతంత్ర్యం తర్వాత ఊరికి వచ్చిన అభివృద్ధి ఎవరిని పైకి తెచ్చింది, ఎవరి భూమిని తినేసింది అన్న లెక్క మొత్తం రచయిత మన ముందు పెడతాడు. ఆ లెక్క చూశాక ఏ ఒక్క రోజుకో తిరిగి వెళ్లి దిద్దుకోవచ్చన్న భ్రమ మిగలదు.

కొత్తగా రాస్తున్న మిత్రులు కాలయంత్రాన్ని పరాయి సరుకని వదిలెయ్యనక్కరలేదు. నిరభ్యంతరంగా వాడుకోవచ్చు. అయితే కథ మొదలుపెట్టే ముందు మూడు ప్రశ్నలు వేసుకోవాలి. మీట ఎవరి చేతిలో ఉంది? వెళ్తున్నది ఎవరి గతంలోకి? తిరిగి వచ్చేసరికి మారవలసింది ఒక మనిషి జాతకమా, ఆ జాతకాలు రాసే వ్యవస్థా? మన శ్రీకాకుళం, విజయనగరం పల్లెల్లో ఇంకా చెల్లని బాకీలున్నాయి. పెద్దవాళ్ల అప్పు తీర్చడానికి వలసపోయి చదువు మానేసిన పిల్లలున్నారు. యంత్రాన్ని ఒక్కసారి ఆ ఊళ్లలో ఆపండి.