'అశని సంకేత్': వంటింటిదాకా వచ్చిన యుద్ధం

సత్యజిత్ రాయ్ 'అశని సంకేత్' (1973)లో యుద్ధం ఎక్కడా కనిపించదు. మొదట్లో అనంగ ఏట్లో స్నానం చేస్తుంటే పైనుంచి విమానాలు పోతాయి. ఆమెకవి కొంగల బారంత ముచ్చటగా ఉంటాయి. జపానువాళ్లు సింగపూర్ పట్టుకున్నారని ఊళ్లో మాటొస్తే, అది మిద్నాపూర్ దగ్గరేమో అనుకుంటారు. మనకు నవ్వొస్తుంది. కాసేపటికి బియ్యం ధర పెరుగుతుంది, నవ్వు ఆగిపోతుంది.

బిభూతిభూషణ్ బందోపాధ్యాయ నవల దీనికి ఆధారం, 1943 నాటి బెంగాల్ కరువు నేపథ్యం. 1942లో రంగూన్ పడిపోవడంతో బర్మా బియ్యం రావడం ఆగింది. శత్రువుకు దక్కకూడదని తీరప్రాంతాల్లో పడవల్నీ ధాన్యాన్నీ బ్రిటిష్ ప్రభుత్వమే తీసేసుకుంది. సినిమా ఇదంతా మనకు పాఠం చెప్పదు. ఊరి ఆడవాళ్లకు తెలిసినంతే మనకూ తెలుస్తుంది: నిన్నటి డబ్బుకి ఇవాళ బియ్యం రావు.

కరువు సినిమా ఇంత పచ్చగా, ఇంత అందంగా ఉంటుందా అని అప్పట్లో విమర్శ వచ్చింది. నాకైతే ఆ పచ్చదనమే భయమేసింది. ఇది చేలు ఎండిపోయి వచ్చిన ఆకలి కాదు మరి.

బ్రాహ్మణ ఇల్లాలు అనంగ కూలికి వడ్లు దంచడానికి పోతుంది, దుంపలు తవ్వడానికి అడవికెళ్తుంది. కానీ సినిమా అయ్యాక కూడా మనల్ని వదలని మనిషి ఛుట్కీ. కాస్త బియ్యం కోసం, కాలిన మొహం ఉన్న ఒక మగాడి దగ్గరికి పోతుంది. రాయ్ ఆమెను 'పతిత' చెయ్యడు, జాలిపడమనీ అడగడు. ఆమెకు ఆకలేసింది, అంతే. మన సినిమాల్లో అయితే ఈపాటికి వర్షం, వయొలిన్లు మొదలయ్యేవి.

పేచీ చివర్లోనే. ఎవరూ ముట్టుకోని మోతి చెట్టు కింద ఆకలితో చనిపోతే, పురోహితుడు గంగాచరణ్ వెళ్లి ఆమె చెయ్యి పట్టుకుంటాడు. గొప్ప సీనే, కాదనను. కానీ అతను ఇప్పుడు నేర్చుకున్నది అనంగకు ఎప్పుడో తెలుసు. మోతి చావు అతని మార్పుకు మెట్టయిపోయిందని నాకు ఇంకా గుచ్చుకుంటుంది.

చివరి టైటిల్ కార్డు యాభై లక్షల మంది చనిపోయారంటుంది. అప్పటి ప్రభుత్వ విచారణ కమిషన్ పదిహేను లక్షలంది. ఛుట్కీ ఆ మనిషితో పట్నం వెళ్లిపోయింది. కెమెరా ఆమె వెంట వెళ్లలేదు.