నవ్వించిన చేత్తోనే

ఆవకాయ కలిపిన చేత్తోనే పాయసం కమ్మగా వండే ఇల్లాలిని చూసి మనం ఆశ్చర్యపోం. అదే సినిమా దర్శకుడి దగ్గరికొచ్చేసరికి, నవ్వించేవాడని ఒకసారి ముద్ర వేశామంటే ఇక ఏడిపిస్తానన్నా ఒప్పుకోం. హిందీలోనూ పంజాబీలోనూ చిత్రాలు తీసిన అనురాగ్ సింగ్ ఈ ముద్రకు లొంగిన మనిషి కారు.

2007లో 'రకీబ్' అనే నేరకథతో హిందీలో మొదలుపెట్టారు. 2009లో 'దిల్ బోలే హడిప్పా' తీశారు. అందులో పల్లెటూరి పిల్ల వీరాకు క్రికెట్ పిచ్చి. ఆడపిల్లని జట్టులో చేర్చుకోరని గడ్డం అతికించుకుని, తలపాగా చుట్టి మగవాడిలా దిగుతుంది. రాణీ ముఖర్జీ హుషారుగానే చేసింది గానీ, నాకు తృప్తి కలగలేదు. ఆ పిల్ల ఆటమీద కంటే అంటించిన గడ్డంమీదే కథకు ధ్యాస ఎక్కువ!

తరువాత పంజాబీలో అడుగుపెట్టాక ఆయన చెయ్యి తిరిగింది. 2012లో వచ్చిన 'జట్ అండ్ జూలియట్'లో హీరోకి కెనడాలో స్థిరపడాలని ఒకటే ఆరాటం. దిల్జీత్ దోసాంజ్, నీరూ బాజ్వాల కీచులాటలు చూస్తూ హాయిగా నవ్వుకుంటాం. అమెరికా సంబంధాల మోజు ఎరిగిన మన ఇళ్ళల్లో ఆ హాస్యానికి వ్యాఖ్యానం అక్కర్లేదు.

ఆ దిల్జీత్‌నే పెట్టి 2014లో 'పంజాబ్ 1984' తీశారు చూడండి, అదీ సాహసమంటే! ఆ ఏడాది జూన్‌లో అమృత్‌సర్ స్వర్ణదేవాలయంలోకి సైన్యం ప్రవేశించింది. ఆ తరువాతి కల్లోలంలో దూరమైన కొడుకుని వెతుక్కునే తల్లి కథ ఇది. పోలీసులకు వాడు ఉగ్రవాది. తల్లికి మాత్రం ఇంకా ఇంటికి రాని పిల్లవాడు, అంతే. కిరణ్ ఖేర్ ముఖం చూస్తుంటే ఏ పక్షం వాదనా మన చెవికెక్కదు. ఉత్తమ పంజాబీ చిత్రంగా దీనికి జాతీయ బహుమతి వచ్చింది. ముగింపు నేను చెప్పను. మీరే చూడండి.

2019లో మళ్ళీ హిందీకి వచ్చి 'కేసరి' తీశారు. 1897 సెప్టెంబరు 12న సారాగఢీలో వేలమందిని ఎదిరించి నేలకొరిగిన 21 మంది సిక్కు సిపాయిల గాథ అది. యుద్ధం తీసిన తీరుకి వంక పెట్టలేం. అయితే నాయకుడి భార్య అతని ఊహల్లో మాత్రమే కనిపించి మాయమవుతుంది. మిగతా సిపాయిల కోసం ఎదురుచూసే ఆడవాళ్ళను తీరిగ్గా చూడ్డానికి కథకి వ్యవధి లేకపోయింది.

హాస్యం, కరుణ, వీరం మూడూ తీశారు కనుక గొప్ప దర్శకుడని చాలామంది మెచ్చుకుంటారు. నా లెక్క వేరు. పోరాటాన్ని గడప ఇవతల నిలబడ్డ మనిషి కళ్ళతో చూపించినప్పుడే ఈయన పని నాకు గొప్పగా తోచింది. ఒక తల్లి గురించి అంత బాగా చెప్పిన మనిషి, సారాగఢీలో ఆ 21 గడపల్లో ఒక్కదాని ముందైనా కాసేపు ఆగి ఉండకూడదా!