పడ్డ చోటు వేరు, తోసిన చేయి వేరు

2011 నవంబరు 11న విడుదలైన స్కైరిమ్ గేమ్‌ను కంప్యూటర్ మీద ఇవాళ ఆడేవాళ్ళలో చాలామంది బెథెస్డా కంపెనీ ఇచ్చిన రూపంలో ఆడరు. చెట్లు మార్చుకుంటారు, రాళ్ళు మార్చుకుంటారు, నీళ్ళు, మంచు, ఆకాశం, చివరికి మనుషుల మొహాలు కూడా మార్చుకుంటారు. వీటన్నిటి మీదా ఈఎన్‌బీ అనే గ్రాఫిక్స్ మోడ్‌ను ఎక్కించి ఎండకూ నీడకూ కొత్త నిగ్గు తెస్తారు. ఇలాంటి మార్పులను మోడ్‌లు అంటారు. రెండు మూడు వందల మోడ్‌లు పేర్చాక గేమ్ అందంగానే ఉంటుంది, కాసేపు. ఆ తర్వాత ఏ వంతెన దాటుతుండగానో తెర ఖాళీ అయి, ఏ సంజాయిషీ లేకుండా డెస్క్‌టాప్ ప్రత్యక్షమవుతుంది. ఆటగాళ్ళు దీన్ని పొడిగా సీటీడీ, అంటే క్రాష్ టు డెస్క్‌టాప్, అంటారు. ఈ సీటీడీకి కారణం పట్టుకునే పని చుట్టూ ఏళ్ళ తరబడి ఒక విద్య పెరిగింది. దాన్ని ఏ కాలేజీలోనూ చెప్పరు, దానికి జీతం రాదు, నేర్పినవాళ్ళలో ఎక్కువమంది ప్రోగ్రామర్లు కూడా కారు. బయటినుంచి చూస్తే అదంతా చిట్కాల పోగులా కనిపిస్తుంది: ఈ ఫైలు తీసెయ్, ఆ అంకె మార్చు, డ్రైవర్ కొత్తది వెయ్. కానీ చిట్కాలకు కాలదోషం పడుతుంది. ఈ విద్యలో నిలిచేది సాక్ష్యాన్ని తూచే పద్ధతి. మిగతాదంతా దాని పొట్టు.

ఇంట్లో మోటారు స్విచ్చి వెయ్యగానే ఫ్యూజు ఎగిరితే మోటారునే తిడతాం. తప్పు నిజంగా మోటారుది కావొచ్చు, అప్పటికే గీజరునూ ఏసీనీ మోస్తున్న వైరుది కావొచ్చు, ఎప్పుడో గోడలో తడిసిన అతుకుది కావొచ్చు. గేమ్ క్రాష్ కూడా ఇంతే. ఎక్కువసార్లు రిపోర్టులో కనిపించేది యాక్సెస్ వయొలేషన్. అంటే ప్రోగ్రాము తనకు హక్కు లేని మెమరీ చిరునామాను తాకబోయింది, విండోస్ అక్కడికక్కడే ఆపేసింది. ఆ చిరునామాను చెడగొట్టింది ఎవరో, ఎప్పుడో ఆ ఒక్క వాక్యం చెప్పదు. ఒక మోడ్‌లోని చెట్టు ఆకృతి ఫైల్లో లోపం ఉందనుకుందాం. లోడ్ అయినప్పుడు ఏమీ జరక్కపోవచ్చు. ఆ చెట్టును గీయమని డ్రైవర్‌కు పంపినప్పుడు డ్రైవర్ లోపల కూలుతుంది. రిపోర్టులో పైవరసన ఎన్విడియా డ్రైవర్ ఫైలు పేరు కనిపిస్తుంది. దాన్ని చూసినవాడు డ్రైవర్ మారుస్తాడు, పాతది వెతికి వేస్తాడు, చివరికి కార్డునే అనుమానిస్తాడు. చెట్టు మాత్రం ఉన్నచోటే ఉంటుంది. ఇక్కడ ఒక తేడా తెలుసుకోవాలి. స్కైరిమ్‌లో టెక్స్చర్, అంటే వస్తువు మీద పూసే బొమ్మ, దొరక్కపోతే ఆ వస్తువు ఊదారంగులో కనిపిస్తుంది. ఆకృతి ఫైలే లేకపోతే ఆశ్చర్యార్థకం ఉన్న ఎర్రటి గుర్తు నిలబడుతుంది. లేనిదాన్ని ఇంజిన్ ఓర్చుకుంటుంది, ఉండీ చెడిపోయినదాన్ని ఓర్చుకోలేదు. కాబట్టి ఊదా గోడలను చూసి క్రాష్‌కు అవే కారణమని తేల్చేవాళ్ళు చాలావరకు తప్పుదారిలో ఉన్నట్టే.

గ్రాఫిక్స్ మోడ్‌ల మీద అనుమానం ముందుగా పోవడానికి కారణం వాటి నిర్మాణంలోనే ఉంది. రష్యన్ ప్రోగ్రామర్ బోరిస్ వోరొంత్సోవ్ తయారుచేసిన ఈఎన్‌బీ, స్కైరిమ్ కొత్త కూర్పైన స్పెషల్ ఎడిషన్ ఫోల్డరులో డీ3డీ11.డీఎల్‌ఎల్ అనే పేరుతో కూర్చుంటుంది. అది విండోస్ సొంత ఫైలు పేరు. గేమ్ ఆ పేరుతో పిలిచినప్పుడు విండోస్ ముందు గేమ్ సొంత ఫోల్డరులో వెతుకుతుంది కాబట్టి, సిస్టమ్ ఫైలు కంటే ముందు ఈఎన్‌బీ దొరుకుతుంది. అది అసలు ఫైలును తానే తెరిచి, గేమ్ అడిగిన ప్రతి పనినీ మధ్యలో నిలబడి అందిస్తూ, తన షేడర్లను చొప్పిస్తుంది. ఇంత కీలకమైన చోట కూర్చున్నది ఇంకెవరితోనైనా తగువు పడక మానదు. తెర మీద ఫ్రేమ్‌ల లెక్క చూపే రివాట్యూనర్, డిస్కార్డ్ ఓవర్‌లే, స్టీమ్ ఓవర్‌లే అన్నీ ఆ ఇరుకులోకే చెయ్యి పెడతాయి. అందుకే అనుభవజ్ఞులు మొదట చేసే పని ఆ ఒక్క డీఎల్‌ఎల్ పేరు మార్చి గేమ్ నడపడం. రంగులు వెలిసిపోతాయి, అంతే. క్రాష్ అప్పుడూ వస్తే, ఈఎన్‌బీ మీదున్న సగం అపవాదు అక్కడితో పోతుంది. ఆగిపోతే మాత్రం తొందరపడకూడదు. ఈఎన్‌బీ కార్డు మీద వేసే బరువు తక్కువ కాదు. దాన్ని తీసేస్తే బరువు తగ్గి, ఓవర్‌క్లాకింగో బలహీనమైన పవర్ సప్లైయో దాక్కుంటుంది. గేమ్ ఒక్కటే పోకుండా కంప్యూటరు మొత్తం ఆరిపోతుంటే మోడ్‌ల కంటే ముందు కరెంటునీ వేడినీ చూడాలి.

మెమరీ విషయంలో ప్రచారంలో ఉన్న నమ్మకాలు ఇంకా గందరగోళం. 4096 చుక్కల చదరపు టెక్స్చర్‌ను కుదించకుండా ఉంచితే 64 ఎంబీ. బీసీ7 పద్ధతిలో కుదిస్తే 16 ఎంబీ, దూరానికి వాడే చిన్న ప్రతులు కూడా కలిపితే సుమారు 21. 4 జీబీ కార్డున్న ల్యాప్‌టాప్‌లో అలాంటివి రెండు వందలు కూడా పట్టవు. 2048కి దిగితే ఒక్కొక్కటి నాలుగో వంతే. ఈ లెక్క చూసి క్రాష్ అయిన ప్రతిసారీ కార్డు మెమరీ చాల్లేదు అనేస్తారు. నిజానికి డైరెక్ట్ఎక్స్ 11 గేమ్‌లో కార్డు మెమరీ నిండితే విండోస్ మిగతాదాన్ని మామూలు ర్యామ్‌లోకి నెడుతుంది. ముందుగా కనిపించేది నత్తనడక, కూలడం కాదు. ర్యామ్ చాలనప్పుడు ఆదుకోవాల్సిన పేజ్‌ఫైల్‌ను డిస్కులో చోటు కోసం ఆపేసుకున్నవాళ్ళ గేమ్ మాత్రం నిజంగానే కూలుతుంది. ఇక తెర నల్లబడి డ్రైవర్ తిరిగి లేచిందన్న కబురు వస్తే అది వేరే జాతి. గ్రాఫిక్స్ కార్డు రెండు సెకన్లలో జవాబు చెప్పకపోతే విండోస్ దాన్ని రీసెట్ చేస్తుంది. రిజిస్ట్రీలో ఆ రెండును పది చేసుకోమని చెప్పే చిట్కా ఒకటి తిరుగుతుంటుంది. అది జ్వరం చూపిస్తోందని థర్మామీటరు దాచేయడమే.

ఈ తేడాలన్నీ చూశాక మిగిలేది అసలు పని: రెండు వందల మోడ్‌లలో దోషి ఎవరు? ఒక్కొక్కటీ తీసి చూస్తే రోజులు పడతాయి. అందుకే సగం ఆపి నడుపుతారు. క్రాష్ వస్తే దోషి నడుస్తున్న సగంలో ఉన్నట్టు, రాకపోతే ఆపిన సగంలో ఉన్నట్టు. మళ్ళీ ఆ సగంలో సగం. ఎనిమిది సార్లలో రెండు వందలు ఒకటికి దిగుతాయి. ఇది ఆటగాళ్ళ ముచ్చట మాత్రమే కాదు. జర్మన్ కంప్యూటర్ శాస్త్రవేత్త ఆండ్రియాస్ జెల్లర్ 1999లో డెల్టా డీబగ్గింగ్ పేరుతో ప్రకటించిన పద్ధతికి మూలం ఇదే. జీడీబీ అనే ప్రోగ్రాము కొత్త వెర్షన్‌లో మారిన 1,78,000 వరసల్లోంచి తప్పు తెచ్చిన మార్పును ఆయన యంత్రం చేతనే పట్టించారు. ఆటగాళ్ళు ఆ పత్రం చదివి మొదలుపెట్టారని కాదు. చిక్కు ఒకటే అయినప్పుడు దారీ ఒకటే అవుతుంది.

సగం చేసే పద్ధతి మీద గట్టి అభ్యంతరాలే ఉన్నాయి, వాటిని దాటవేయకూడదు. మొదటిది, మోడ్‌లు ఒకదాని మీద ఒకటి ఆధారపడతాయి. తల్లి మోడ్‌ను ఆపి పిల్లను ఉంచితే మెనూ దగ్గరే కొత్త క్రాష్ పుడుతుంది, పరీక్ష చెడుతుంది. కాబట్టి కుటుంబాన్ని విడగొట్టకుండా కట్టకట్టి కదపాలి. రెండోది, విడివిడిగా బుద్ధిమంతులైన రెండు మోడ్‌లు కలిసినప్పుడే గొడవ చేయొచ్చు. అప్పుడు రెండు సగాలూ విడిగా హాయిగా నడుస్తాయి. అదే ఒక ఆధారం: దోషం జంటదని తెలిసింది కనుక, ఒక సగాన్ని అలాగే ఉంచి రెండోదాన్ని కొద్దికొద్దిగా కలుపుతూ పోవాలి. మూడోది అన్నిటికన్నా బలమైనది, క్రాష్ ఎప్పుడొస్తుందో తెలియకపోవడం. సగటున ఇరవై నిమిషాలకోసారి, ఏ పద్ధతీ లేకుండా కూలే గేమ్ ఇరవై నిమిషాలు నిలబడితే అది బాగుపడినట్టు కాదు. ఏమీ మార్చకపోయినా అలా నిలబడే అవకాశం మూడింట ఒక వంతు పైనే. గంట నిలబడితే ఆ అవకాశం ఐదు శాతానికి పడిపోతుంది, అప్పుడు నమ్మొచ్చు. సెట్టింగు మార్చి పావుగంట ఆడి సమస్య తీరిందని చాటింపు వేయడంవల్లే లోకంలో ఇన్ని పనికిరాని చిట్కాలు పోగుపడ్డాయి. అదృష్టం పాత్ర తగ్గించడానికి పరీక్షను ఒకేచోట కట్టేస్తారు. మెయిన్ మెనూలోనే కన్సోల్ తెరిచి సీఓసీ రివర్‌వుడ్ అని కొడితే పాత సేవ్‌తో పనిలేకుండా నేరుగా ఆ పల్లెలో దిగుతారు. పాత సేవ్‌లలో ఎప్పుడో తీసేసిన మోడ్‌ల స్క్రిప్టులు మిగిలి ఉంటాయి, వాటితో చేసిన పరీక్ష దేనికీ సాక్ష్యం కాదు.

ఇంత తంటా ఎందుకు, అంతా తీసేసి మళ్ళీ ఇన్‌స్టాల్ చేస్తే పోదా అన్నది తరచుగా వినిపించే మాట. పోదు. గేమ్‌ను ఇన్‌స్టాల్ చేసే స్టీమ్ తాను పెట్టిన ఫైళ్ళనే తీస్తుంది. మనం గేమ్ ఫోల్డరులో చేత్తో పెట్టిన డీఎల్‌ఎల్ అక్కడే ఉండిపోతుంది. ఫైళ్ళు సరిగా ఉన్నాయో లేదో చూడమంటే అసలు ఫైళ్ళను సరిచూస్తుంది తప్ప, అదనంగా చేరినవాటి జోలికి పోదు. సెట్టింగుల ఫైళ్ళూ సేవ్‌లూ డాక్యుమెంట్స్ ఫోల్డరులో వేరే ఉంటాయి. ఇన్ని వదిలేసి చేసిన శుభ్రతతో క్రాష్ పోకపోతే మొదటికొచ్చినట్టు, పోతే ఎందుకు పోయిందో తెలియనట్టు. మోడ్ ఆర్గనైజర్ 2 వాడేవాళ్ళకు ఈ బెడద తక్కువ. అది మోడ్‌లను విడి ఫోల్డర్లలో ఉంచి, గేమ్ నడిచేంతసేపే అవి డేటా ఫోల్డరులో ఉన్నట్టు భ్రమ కల్పిస్తుంది.

ఇప్పుడు క్రాష్ లాగ్‌లు ఉన్నాయి కదా, ఊహించడమెందుకు అనేవాళ్ళకు జవాబు కొంచెం జాగ్రత్తగా చెప్పాలి. లాగ్‌లు నిజంగానే చాలా పని తగ్గించాయి. కూలిన క్షణంలో ప్రాసెసర్ రిజిస్టర్లలో ఏముందో, ఏ ఫంక్షన్ దేన్ని పిలిచిందో అవి రాసి పెడతాయి. చిరునామా ఉండాల్సిన రిజిస్టరులో సున్నా ఉందంటే, ఉండాల్సిన వస్తువు లేదని అర్థం. దాని పక్క వరసలోనే ఫలానా పైన్ చెట్టు ఆకృతి ఫైలు పేరూ, దాన్ని చివరగా మార్చిన మోడ్ పేరూ ఉంటే, అది బలమైన ఆచూకీ. కానీ అదే లాగ్‌లో ఇంకో ఇరవై పేర్లు కూడా ఉంటాయి. అవి ఆ సమయానికి చుట్టుపక్కల ఉన్నవాళ్ళు మాత్రమే. అందుకే మూడు లాగ్‌లు పక్కపక్కన పెట్టి, మూడింటిలోనూ తిరిగి వచ్చే పేరును చూస్తారు. తర్వాత ఆ ఒక్క మోడ్‌ను తీసి ఆడతారు. ఆగితే తిరిగి పెట్టి, క్రాష్ తిరిగి వస్తుందో లేదో కూడా చూస్తారు. చాలామంది వదిలేసేది ఈ చివరి మెట్టునే. అది లేనిదే నేరం రుజువు కాలేదు.

గేమ్‌లో వేలు పెట్టుకున్నది మీరే, కూలితే కంపెనీ ఏం చేస్తుంది అనే ఎత్తిపొడుపులో కొంత న్యాయం ఉంది. అయితే కొన్నిసార్లు మోడ్‌ల బరువు బయటపెట్టింది గేమ్‌లో ముందునుంచీ ఉన్న ఇరుకునే. పాత స్కైరిమ్ 32 బిట్ ప్రోగ్రాము. 2011 డిసెంబరులో వచ్చిన అప్‌డేట్ దాకా 2 జీబీ మించి అందుకోలేకపోయేది, ఆ తర్వాత 4 జీబీ. అప్పటికీ కూలుతూనే ఉంటే 2014లో షెసన్ అనే మారుపేరుతో పనిచేసే మోడరు అసలు కిటుకు పట్టుకున్నారు. గేమ్ మొదలవగానే 256 ఎంబీ చొప్పున రెండు మెమరీ దిమ్మెలు తీసుకుంటుంది. మొదటిది నిండితే, ర్యామ్ ఎంత ఖాళీగా ఉన్నా, ఆట అక్కడితో సరి. ఆయన దాన్ని 512 చేశారు. ఆ సవరణ ఎస్‌కేఎస్‌ఈ (స్కైరిమ్ స్క్రిప్ట్ ఎక్స్‌టెండర్) అనే పరికరంలో చేరి, దాని ఐఎన్‌ఐ సెట్టింగుల ఫైల్లో రెండు వరసలుగా అందరికీ అందింది. 2016 అక్టోబరు 28న 64 బిట్ స్పెషల్ ఎడిషన్ వచ్చాక ఆ ఇరుకు లేకుండా పోయింది. అయినా ఆ రెండు వరసలను స్పెషల్ ఎడిషన్‌లోనూ అతికించుకుని గేమ్ నిలకడగా ఉందని మురిసేవాళ్ళున్నారు. వాటిని చదివే కోడే అందులో లేదు.