మోహాకుల చలనచిత్రములు: కర్తృత్వవిచారము

చలనచిత్రము లీ పత్రికయందు విమర్శింపఁదగునా యని కొందఱు శంకింపవచ్చును. కర్తృత్వము వివాదగ్రస్తమైన చోట వైయాకరణునకుఁ బని కలదని నా యభిప్రాయము.

ఉత్తర అమెరికా యాదిమజాతులలో మోహాకు లొకరు. సెయింట్ లారెన్సు నదీతీరమందలి వారి యక్వెసాస్నె సీమ నడుమఁ గెనడాకును అమెరికా సంయుక్తరాష్ట్రములకును ఎల్ల గీయఁబడినది. తమ సరకులతో నా యెల్ల దాఁటునపుడు సుంకము చెల్లింపఁ బనిలేదని వారు 1794 నాఁటి జే సంధిని బట్టి వాదించిరి. కెనడా ప్రభుత్వము విడువలేదు. 1968 డిసెంబరు 18వ తేదీని వారు కార్న్‌వాల్ చెంతనున్న వంతెనత్రోవ నడ్డగించిరి. పోలీసులు పలువురను నిర్బంధించిరి. 'యూ ఆర్ ఆన్ ఇండియన్ ల్యాండ్' అను 1969 నాఁటి చిత్రమున కిదియే వస్తువు.

మొదట గమనింపఁదగినది దాని పేరు. "మీ రిండియనుల నేలపై నున్నారు" అని యర్థము. ఈ జాతులను గూర్చి యితరులు తీసిన చిత్రములలో వీరు తఱచుగాఁ బ్రథమపురుషమునకుఁ బరిమితులు. "వా రిట్లు తిందురు, వా రిట్లాడుదురు" అనుటయే. ఇందు మాటాడువారు వారే. చూచువాఁడు మధ్యమపురుషమునఁ బడినాఁడు. పోలీసులకుఁ జెప్పిన మాట ప్రేక్షకునకును దగులును. ఈ యొక్క సర్వనామమును నేను ఛాయాగ్రహణనైపుణ్యముకంటె మిన్నగా నెంచుదును. మోహాకుభాషలో సకర్మకక్రియకు ముందుఁ జేరు ప్రత్యయ మొకటియే కర్తను గర్మను గూడఁ దెలుపునఁట! అట్టి భాష గలవారి మొఱ యాంగ్లమున వినవలసి వచ్చుట శోచనీయము.

ఇఁక దర్శకుఁ డెవరు? అక్వెసాస్నెవాఁడే యగు మైకేల్ కనెంటకెరాన్ మిచెల్. అయినను కెనడా జాతీయచిత్రసంస్థ యాతనిని దర్శకునిగాఁ బేర్కొని చిత్రమును మరలఁ బంపిణీచేసినది 2017లో. అనఁగా 48 ఏండ్లకు. గ్రంథకర్తకు బదులు మఱియొకని పేరు నిలుచుట మన పరిశోధకులకుఁ గొత్త గాదు గాని, నేల మాదని చాటు చిత్రమునకే యిట్లు జరుగుట విపరీతము. సుంకము గొన్నదియు, సంస్థను బోషించినదియు నొక్క ప్రభుత్వమే గదా, దర్శకునకు స్వాతంత్ర్య మెక్కడిది యని యాక్షేపింపవచ్చును. ధనమిచ్చినంతమాత్రమునఁ గర్తృత్వము సంక్రమింపదు. ఏమి చెప్పవలయునో నిర్ణయించువాఁడే స్వతంత్రుఁడు. పాణినీయులకు స్వతంత్రుఁడే కర్త.

ట్రేసీ డీర్ 2008లో తీసిన 'క్లబ్ నేటివ్' మఱింత కఠినమైన కృతి. ఆమె కానవాకెలోఁ బుట్టిన మోహాకు స్త్రీ. మోహాకులలో వంశము తల్లిని బట్టి వచ్చును. కెనడా చట్టమో, అన్యుని బెండ్లాడిన స్త్రీకి జాతిహక్కు 1985 వఱకు లేకుండఁ జేసినది. అన్యస్త్రీని బెండ్లాడిన పురుషునకు హక్కు నిలిచినది. 1981లోఁ గానవాకెవారు తామే యన్యవివాహము చేసికొన్నవా రూర నుండరాదని కట్టడి చేసికొనిరి. పరప్రభుత్వము నేర్పిన రక్తగణనము ఊరివారికే యలవాటైనది. మిచెల్ పరుల నుద్దేశించి పలికిన 'మీరు' అను పిలుపును డీర్ తన యూరివారివైపుఁ ద్రిప్పినది. ఆ యూరిలోనే యామె నివసింపవలసియుండెను.