ముక్కు పక్కన ఆకుపచ్చ

చిత్రకారుల మీద టీవీవాళ్లు తీసే డాక్యుమెంటరీలంటే నాకెంత చిరాకో ఈ కాలమ్ చదివేవాళ్లకి కొత్తగా చెప్పక్కర్లేదు. వెనక వేణువు, కిటికీ దగ్గర దీర్ఘాలోచనలో ఆర్టిస్టు, సోఫాలో విమర్శకుడు. బొమ్మ మాత్రం నాలుగు సెకన్లు. నోళ్లు కట్టేసి ఆ చేతిని చూపించండయ్యా అని ఎన్నిసార్లు మొత్తుకున్నానో.

"మావయ్యా, దీన్ని తిట్టండి చూద్దాం" అంటూ మేనల్లుడు ఈ వారం ఒకటి పంపాడు. బ్రూనో వోల్‌హైమ్ తీసిన ‘డేవిడ్ హాక్నీ: ఎ బిగ్గర్ పిక్చర్’. 2009లో బీబీసీలో వచ్చింది. కాలిఫోర్నియా ఎండలో ఈతకొలనులు వేసి పేరు తెచ్చుకున్న హాక్నీ, డెబ్భయ్యో పడికి చేరువలో సొంతగడ్డ యార్క్‌షైర్‌కి వచ్చి, రోడ్డు పక్కన ఈజిల్ పాతుకుని చెట్లూ పొలాలూ వేస్తుంటాడు. చినుకులు పడ్డా కదలడు. మూడేళ్లు వెంటపడి తీశారు. తిట్టడం కష్టమే అయింది.

అందులో 2007 నాటి పెద్ద బొమ్మ ఉంది, ‘బిగ్గర్ ట్రీస్ నియర్ వార్టర్’. నలభై అడుగుల వెడల్పు, పదిహేను అడుగుల ఎత్తు, 50 కాన్వాసులు. చెట్లు చిగురిస్తే కొమ్మల తీరు కనపడదు గనక ఆలోపే ముగించాలి. అంత బొమ్మనీ ఒకేసారి నిలబెట్టి చూసుకునే చోటు లేక, ముక్కముక్కకీ ఫొటో తీయించి కంప్యూటర్లో అతికించి చూసుకున్నాడు. కెమెరాది ఒంటికన్ను చూపు, ఒక్క క్షణం చూపు అని జీవితమంతా దెబ్బలాడిన మనిషి! 1980ల్లో వందల ఫొటోలు పక్కపక్కన అతికించింది కూడా ఆ కక్షతోనే. ఇక్కడ ఆ కెమెరానే పనిలో పెట్టుకున్నాడు.

ముక్కలుగా వెయ్యడం చూడగానే బెజవాడ గాంధీనగర్ గుర్తొచ్చింది. థియేటర్ల వెనక సందులో బ్యానర్లు వేసే షెడ్డు ఉండేది. స్టిల్ ఫొటో మీద పెన్సిల్ గళ్లు, చెక్క ఫ్రేములకి బిగించిన గుడ్డ మీద సుద్దముక్కతో పెద్ద గళ్లు. ఎన్టీఆర్ కిరీటం ఓ గోడకి, గడ్డం ఇంకో గోడకి. అవిసె నూనెలో కలిపిన పొడిరంగులు డబ్బాల్లో. బడి ఎగ్గొట్టి అక్కడే పడుండేవాణ్ణి. ఆర్టిస్ట్ బాబాయ్ బీడీ పళ్ల మధ్య బిగించి, అరచెయ్యంత బ్రష్షుతో హీరో ముక్కు పక్కన పచ్చటి ఆకుపచ్చ పులిమేశాడో రోజు. ఊరుకోలేక అడిగాను:

"బాబాయ్, మొహమ్మీద ఆకుపచ్చేంటి?"

"రోడ్డు దాటెళ్లి చూడరా."

దాటెళ్లి చూశాను. ఆకుపచ్చ లేదు, నీడ ఉంది. ముక్కు లేచి నిలబడింది.

ఆ షెడ్డులో నేను చూసిందంతా చేతినే. బ్రష్షు ఎలా తిప్పేవాడని ఇప్పుడడిగితే చెప్పలేను. ఆ మూడు ముక్కలు మాత్రం ఇవాళ్టికీ ఏ బొమ్మ ముందు నిలబడ్డా వినిపిస్తాయి, కాళ్లు వాటంతటవే వెనక్కి నడుస్తాయి. బాబాయ్ ఇంకాస్త మాట్లాడి ఉంటే ఇంకెన్ని తెలిసేవో. ఆయన దగ్గరికి ఏ టీవీవాడూ రాలేదు, ఫ్లెక్సీ వచ్చింది. షెడ్డు పోయింది.

హాక్నీ మాత్రం సిగరెట్ మీద సిగరెట్ వెలిగిస్తూ ఆపకుండా మాట్లాడతాడు. నా పాత లెక్కన ఇది నేరం. కానీ ఆయన నోరు మెదిపినప్పుడల్లా నేను తెర మీద బ్రష్షుని వదిలేసి ఆ చెట్టు కేసి చూశాను. చేతిని చూస్తే చేతివాటం తెలుస్తుందేమో గానీ, కన్ను ఎక్కడ ఆగిందో ఆ కన్ను గలవాడే చెప్పాలి. కనక నా డిమాండ్ మారుస్తున్నా: ఆర్టిస్టుల్ని మాట్లాడనివ్వండి. పని మధ్యలో, చేతికి రంగుండగానే, విసుక్కుంటూ అయినా సరే.

వేణువు మాత్రం వద్దు. సోఫాలో విమర్శకుడు అసలే వద్దు.