వేషానికి తగిన మనిషి

పాత్రకు సరిపోయే నటీనటుల్ని వెతికి దర్శకుడి ముందు నిలబెట్టడం కాస్టింగ్ డైరెక్టర్ పని. చివరి మాట దర్శకుడిది, నిర్మాతది. పాత హాలీవుడ్‌లో ఈ ఉద్యోగానికి పెద్ద తెలివి అక్కర్లేదు. నటులు స్టూడియోల జీతగాళ్లు. ఫలానా వేషానికి ఆ జీతగాళ్ల జాబితాలో ఎవరు ఖాళీగా ఉన్నారో చూస్తే సరిపోయేది.

దీన్ని కళగా మార్చినవారిలో ముందు చెప్పుకోవలసిన పేరు మేరియన్ డోహర్టీ. 1923లో పెన్సిల్వేనియాలో పుట్టిన ఆమె న్యూయార్క్‌లో ‘క్రాఫ్ట్ టెలివిజన్ థియేటర్’కు నటుల్ని ఎంపిక చేస్తూ ఈ వృత్తిలో స్థిరపడ్డారు. అది వారం వారం కొత్త నాటకాన్ని ప్రత్యక్షంగా ప్రసారం చేసే కార్యక్రమం. తారల్ని పిలిచేంత డబ్బు లేదు కనుక కొత్తవాళ్ల కోసం రంగస్థలం వైపు చూడక తప్పలేదు. ఆమె నాటకాలు చూసేవారు, నటుల్ని పిలిచి మాట్లాడేవారు, ఒక్కొక్కరి గురించీ చిన్న కార్డు మీద రాసి దాచేవారు. జేమ్స్ డీన్ లాంటివారు పేరు రాకముందే ఆ కార్డుల్లోకి ఎక్కారు.

అయితే కొత్తవారిని కనిపెట్టడం కన్నా, ఒకసారి తడబడినవారిని మర్చిపోకపోవడమే ఈ పనిలో కష్టం. 1960ల మొదట్లో డోహర్టీ ‘నేకెడ్ సిటీ’ సీరియల్‌లో జాన్ వాయిట్‌కు వేషమిచ్చారు. అతను బాగా చేయలేకపోయాడు. ఇక ఆమె తనను పిలవదనే అనుకున్నాడు. ‘మిడ్‌నైట్ కౌబాయ్’ (1969)కి వచ్చేసరికి ఆమె పట్టుబట్టి చెప్పిన పేరు అతనిదే. ఆ సినిమాకు ఉత్తమ చిత్రం ఆస్కార్ వచ్చింది, వాయిట్ ఉత్తమ నటుడిగా నామినేట్ అయ్యాడు. టైటిల్స్‌లో మాత్రం డోహర్టీ పేరు లేదు. చెడ్డ నటనలోనూ మంచి నటుణ్ణి చూడగలగడం ఆడిషన్ టేపులు చూస్తే అబ్బేది కాదు.

‘లెథల్ వెపన్’ (1987)లో పోలీసు మర్టా పాత్రకు ఆమె డానీ గ్లోవర్ పేరు చెప్పారు. అతను నల్లజాతివాడు కదా అన్నది దర్శకుడు రిచర్డ్ డోనర్ నోటి నుంచి ముందు వచ్చిన మాట. స్క్రిప్టులో మర్టా రంగు ఏమిటో ఎక్కడా లేదని ఆ తర్వాతే ఆయనకు తట్టింది. ఈ సంగతి డోనర్ స్వయంగా కెమెరా ముందు చెప్పారు, సిగ్గుపడుతూనే. దర్శకుడికి తట్టని ముఖాన్ని చూపించడమే ఈ ఉద్యోగమైతే, ఇంతకన్నా చక్కని ఉదాహరణ దొరకదు.

గుర్తింపు విషయంలో మాత్రం పరిశ్రమ చేయి బిగించింది. ‘డైరెక్టర్’ అన్న మాటను ఇంకొకరికి ఇవ్వడానికి దర్శకుల సంఘం ఒప్పుకోలేదు. అందుకే హాలీవుడ్ టైటిల్స్‌లో ఇప్పటికీ ‘కాస్టింగ్ బై’ అనే ఉంటుంది. ఈ వృత్తిలో ఎక్కువమంది ఆడవాళ్లు కావడం కూడా ఈ చిన్నచూపుకు ఒక కారణమని అనుకోకుండా ఉండలేం. ప్రధాన టైటిల్స్‌లో తన పేరొక్కటే ఉన్న విడి కార్డు తొలిసారి దక్కింది లిన్ స్టాల్‌మాస్టర్ అనే మగవాడికి, 1968లో. గౌరవ ఆస్కార్ అందుకున్న తొలి కాస్టింగ్ డైరెక్టర్ కూడా ఆయనే, 2016లో.

డోహర్టీ 2011లో మరణించారు. ఆస్కార్‌లు ఇచ్చే అకాడమీ కాస్టింగ్ శాఖను ఏర్పాటు చేసింది 2013లో. కాస్టింగ్‌కు విడిగా ఆస్కార్ ఇవ్వాలన్న నిర్ణయం 2024లో వెలువడింది. 2025లో విడుదలైన సినిమాలతో అది అమల్లోకి వచ్చింది.