ఖాళీ గడిలో డీలరు పేరు

పాత కారును కన్సల్టెన్సీలో అప్పజెప్పిన ప్రతివారికీ ఈ ఘట్టం తెలుసు. బేరం కుదురుతుంది, డబ్బు ఖాతాలో పడుతుంది, టేబుల్ మీదికి రెండు ఫారాలు వస్తాయి: 29, 30. బండి అమ్మేశానని ఆర్టీఓకు చెప్పేది మొదటిది. ఫలానా వారి పేరుకు మార్చమని అడిగేది రెండోది. అమ్మేవారి వివరాలు, ఇంజిన్ నంబరు, ఛాసిస్ నంబరు అన్నీ ఉంటాయి. కొనేవారి గడి మాత్రం ఖాళీ. ‘‘ఎవరు తీసుకుంటారో ఇంకా తెలీదు కదా సార్, సంతకాలు పెట్టేయండి, మిగతాది మేం చూసుకుంటాం’’ అంటాడు కన్సల్టెంట్. అతను అబద్ధమేమీ ఆడటం లేదు. నిజంగానే అతనికి తెలీదు.

మన దేశంలో పాత కార్ల వ్యాపారమంతా దశాబ్దాల పాటు ఆ ఖాళీ గడి మీదే నడిచింది. దాన్ని పూడ్చడానికి కేంద్ర రోడ్డు రవాణా శాఖ 2022 సెప్టెంబరులో ఒక ముసాయిదా వదిలింది. అదే ఏడాది డిసెంబరు 22న జి.ఎస్.ఆర్. 901(ఇ) పేరుతో తుది ప్రకటన వచ్చింది, 2023 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చింది. సారాంశం ఒక్క ముక్కలో చెప్పవచ్చు: రిజిస్టరయిన పాత వాహనాలు కొని అమ్మే డీలరు ఇకపై ఆర్టీఓ దగ్గర అధికార పత్రం తీసుకోవాలి. పాఠకులు దీన్ని మరో లైసెన్సు, మరో కౌంటరు, మరో ఫీజు అనుకుని పేజీ తిప్పేయవచ్చు. నాకు మాత్రం ఈ మధ్య చదివిన సర్కారీ కాగితాల్లో ఇంత శ్రద్ధగా చెక్కిన పని మరొకటి కనిపించలేదు. కావాల్సిన చోట మాత్రమే ఉలి పెట్టి, మిగతా కట్టడాన్ని కదపకుండా వదిలేసిన పని ఇది.

ఆ పనితనం అర్థం కావాలంటే ముందు పాత లోపం ఎక్కడుందో చూడాలి. 1988 మోటారు వాహనాల చట్టం 50వ సెక్షన్ దృష్టిలో అమ్మకం అంటే ఇద్దరి వ్యవహారం. అమ్మినవారు అదే రాష్ట్రంలోనైతే 14 రోజుల్లో, వేరే రాష్ట్రానికైతే 45 రోజుల్లో అధికారికి తెలపాలి. కొన్నవారు 30 రోజుల్లో తెలపాలి. కొన్నవారు దొరికేదాకా బండిని తన షెడ్డులో పెట్టుకునే మూడో మనిషికి ఈ లెక్కలో చోటే లేదు. ఉన్న దారల్లా అతనూ కొన్నవాడిగా తన పేరు ఎక్కించుకోవడమే. అలా చేస్తే ఏమవుతుందో కార్ల బజారులో టీ అందించే కుర్రాడు కూడా చెప్పగలడు. ‘సింగిల్ ఓనర్’ బండి సెకండ్ ఓనర్ బండి అవుతుంది, ధర పడిపోతుంది. ఒకే కారుకు రెండుసార్లు ఫీజు, రెండుసార్లు తిప్పట. అందుకే ఎవరూ ఎక్కించుకోరు. ఇది డీలర్ల దొంగబుద్ధి వల్ల పుట్టిన అలవాటు కాదు. నిజాయితీగా ఉందామనుకున్నవాడికి నష్టం తెచ్చిపెట్టే ఏర్పాటు, ఆ గడిని ఖాళీగా ఉంచమని అందరికీ నేర్పింది.

దాని బరువంతా పడింది పాత యజమాని మీద. చట్టంలో 2(30) సెక్షన్ ప్రకారం బండి ఎవరి పేరు మీద రిజిస్టరయి ఉందో వారే యజమాని. ఈ మాట ఎంత గట్టిదో 2018 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఒక తీర్పులో చూపించింది. ఆ కేసులో కారును అసలు యజమాని 2007లోనే అమ్మేశాడు. అక్కణ్నుంచి అది మరికొన్ని చేతులు మారింది. 2009లో ప్రమాదం జరిగింది. ఆర్‌సీలో మాత్రం మొదటివాడి పేరే ఉంది. పరిహారం బాధ్యత అతనిదేనని కోర్టు తేల్చింది. బండి ఎవరి నుంచి ఎవరికి వెళ్లిందో ఆ గొలుసు వెంట తిరగాల్సిన కర్మ బాధితులకు ఉండకూడదన్నది అందులోని న్యాయం. బాధితుల వైపు నుంచి చూస్తే అంతకన్నా సరైన తీర్పు లేదు. రెండేళ్ల కిందట బండి అమ్మేసి మరచిపోయిన మనిషి వైపు నుంచి చూస్తే మాత్రం గుండె గుభేలుమంటుంది. చలాన్ల సంగతి వేరే చెప్పాలా? సిగ్నల్ దాటిన కెమెరా ఫొటో పాత ఓనరు ఫోనుకే వస్తుంది.

ఇప్పుడు కొత్త నిబంధనలు చూడండి. 1989 కేంద్ర మోటారు వాహనాల నిబంధనల్లో 55వది యాజమాన్య బదిలీ గురించి చెబుతుంది, 56వది యజమాని చనిపోతే ఏం చేయాలో చెబుతుంది, 57వది వేలంలో కొన్న బండి గురించి. కొత్తవాటిని 55 వెనకే 55ఎ నుంచి 55హెచ్ వరకు వరసగా చేర్చారు. ఫారాల అంకెలు ఇంకా ముచ్చటగా కుదిరాయి. అమ్మినవారి ఫారం 29. కొన్నవారితో కలిపి వేసేది 30. డీలరు ఫారాలు 29ఎ, 29బి, 29సి అంటూ ఆ రెండింటి మధ్య ఇమిడాయి. డీలరు నిజ జీవితంలో నిలబడేదీ సరిగ్గా అక్కడే.

29ఎ దరఖాస్తు. 29బి అధికార పత్రం, దానికి ఐదేళ్ల గడువు. ఇవి రెండూ ఏ లైసెన్సుకైనా ఉండే తంతు, వీటిమీద ఆగాల్సిన పని లేదు. ఆగాల్సింది 29సి దగ్గర. బండిని అమ్మకానికి డీలరుకు అప్పగించేటప్పుడు యజమాని, డీలరు ఇద్దరూ కలిసి రిజిస్టరింగ్ అధికారికి ఆన్‌లైన్‌లో తెలిపే సమాచారం అది. రసీదు నంబరు వచ్చిన క్షణం నుంచి ఆ బండికి డీలరే యజమాని కింద లెక్క. బండి, దాని కాగితాలు, దానివల్ల జరిగే మంచిచెడ్డలు అన్నిటికీ జవాబుదారీ అతనిదే. ఆర్‌సీలో పేరు మారదు, ఓనర్ల లెక్క పెరగదు, ధర తగ్గదు. డీలరు దశాబ్దాలుగా తప్పించుకుంటూ వచ్చిన నష్టం అతనికి కలగకుండానే, తప్పించుకుంటూ వచ్చిన బాధ్యత మాత్రం అతని తల మీదికి వచ్చింది. రిజిస్ట్రేషన్‌ను, బాధ్యతను విడదీయవచ్చని తోచడమే ఈ పనిలో అసలు తెలివి. ‘డీలరు తప్పనిసరిగా తన పేరు ఎక్కించుకోవాలి’ అని ఒక వాక్యం రాసేసి చేతులు దులుపుకోవడం ఎంత సులువు! అలా రాసి ఉంటే ఆ వాక్యం గెజిట్‌లోనూ, ఖాళీ ఫారాలు షెడ్డు సొరుగులోనూ హాయిగా బతికేవి.

ఇంకో మెళకువ ఇచ్చిపుచ్చుకోవడంలో ఉంది. బాధ్యత మోపినవారు దానికి సరిపడా అధికారమూ ఇచ్చారు. తన స్వాధీనంలో ఉన్న బండికి ఆర్‌సీ రెన్యువల్, ఫిట్‌నెస్ రెన్యువల్, డూప్లికేట్ ఆర్‌సీ, ఎన్‌ఓసీ, పేరు మార్పిడి, వీటన్నిటికీ డీలరే దరఖాస్తు చేసుకోవచ్చు. ఇది మన రెండు రాష్ట్రాల వారికి చిన్న సౌకర్యం కాదు. 2014 జూన్ 2 తర్వాత ఖమ్మం కారు విజయవాడలో అమ్ముడుపోతే అది రాష్ట్రం దాటినట్టే. ఫారం 28 పెట్టి ఎన్‌ఓసీ తేవాలి. దొంగతనం కేసేదీ లేదని పోలీసు నివేదిక రావాలి. ఆ కాగితాల కోసం బండి అమ్మేసిన పెద్దమనిషిని మళ్లీ మళ్లీ ఫోన్లు చేసి పిలిపించడం, ఆయన ఈలోగా అమెరికాలో కొడుకు దగ్గరికి వెళ్లిపోవడం, బదులుగా ఎవరో ఒకరు ఆయన సంతకం ‘సర్దుబాటు’ చేయడం... ఈ వ్యాపారంలో ఉన్నవారికి నేను చెప్పాల్సిందేమీ లేదు. సక్రమంగా చేసే దారి అడ్డదారి కన్నా దగ్గరగా ఉంటే చాలామంది సక్రమంగానే చేస్తారు. 29బి ఉన్న డీలరుకు ఆ దగ్గరి దారి దొరికింది.

బండి రోడ్డెక్కే విషయంలో నిబంధన కఠినంగా ఉంది. డీలరు చేతిలో ఉన్న కారు కొనేవారికి నడిపి చూపడానికి, మరమ్మతుకు, రంగుకు, తనిఖీకి, ఇలాంటి పనులకే బయటికి రావాలి. డీలరు బావమరిది పెళ్లికి రాకూడదు. ప్రతి ప్రయాణం ఎందుకు, ఎవరు నడిపారు, ఎప్పుడు, ఎన్ని కిలోమీటర్లు అని ఎలక్ట్రానిక్ రిజిస్టరులో నమోదు చేయాలి. ఈ జాబితా చదువుతుంటే ఎక్కడో చూసినట్టు అనిపించి 1989 నాటి పాత నిబంధనలు తీశాను. కొత్త బండ్ల షోరూములకు ఇచ్చే ట్రేడ్ సర్టిఫికెట్ గురించి అక్కడ 33వ నిబంధన నుంచి ఉంది. ఇంకా రిజిస్టరు కాని బండి ఏయే పనులకు రోడ్డెక్కవచ్చో 41వ నిబంధన చెప్పింది. కొనేవారికి నడిపి చూపడం, వర్క్‌షాపుకు రంగుకో మరమ్మతుకో వెళ్లడం అందులో ఉన్నాయి. ఫారం 19 అనే బైండు పుస్తకంలో ప్రయాణాల వివరాలు రాయాలని 43వ నిబంధన. పాత ఇంటికి గది కలిపే మంచి మేస్త్రి పాత గోడ ఇటుకల వరసను పట్టుకునే కొత్త గోడ లేపుతాడు. ఇక్కడ జరిగింది అదే. ఆర్టీఓ ఆఫీసులో ఏళ్ల తరబడి ట్రేడ్ సర్టిఫికెట్లు చూసిన ఉద్యోగికి ఇందులో కొత్తగా నేర్చుకోవాల్సింది పెద్దగా లేదు. కొత్త కారు అమ్మేవాడికి 1989లోనే ఉన్న గుర్తింపు, పాత కారు అమ్మేవాడికి దాదాపు 34 ఏళ్ల తర్వాత దక్కింది. ఇంత ఆలస్యం ఎందుకన్నది వేరే వ్యాసం.

ఈ పత్రం ఒక్కటే ఉంటే దుకాణం తెరిచేయవచ్చని కాదు. మునిసిపాలిటీ ట్రేడ్ లైసెన్సు, షాపుల చట్టం కింద నమోదు, జీఎస్టీ, ఇవన్నీ ఏ వ్యాపారికైనా ఉన్నవే. జీఎస్టీలో మాత్రం ఈ వ్యాపారానికి ఒక ప్రత్యేకత ఉంది. పన్ను మొత్తం ధర మీద కాదు, మిగులు మీద. నాలుగు లక్షలకు కొన్న బండిని నాలుగున్నరకు అమ్మితే ఆ యాభై వేల మీద 18 శాతం, అంటే 9,000 రూపాయలు. నష్టానికి అమ్మితే పన్ను లేదు. కొన్నప్పటి జీఎస్టీని ఇన్‌పుట్ క్రెడిట్‌గా వాడుకోకూడదన్నది షరతు. గతంలో బండి రకాన్ని బట్టి 12 శాతమా, 18 శాతమా అని చూసుకోవాల్సి వచ్చేది. 2024 డిసెంబరులో జైసల్మేర్‌లో జరిగిన జీఎస్టీ కౌన్సిల్ సమావేశం తర్వాత, 2025 జనవరి 16 నుంచి పాత విద్యుత్ కార్లతో సహా అన్నిటికీ ఒకటే రేటు.

మెచ్చుకున్నంత మాత్రాన అతుకులు కనబడకుండా పోవు. అన్నిటికన్నా పెద్ద అతుకు చట్టానికీ నిబంధనకూ మధ్యే ఉంది. ‘పేరు ఎవరిదో వారే యజమాని’ అంటున్నది పార్లమెంటు చేసిన చట్టం. ‘డీలరే యజమాని కింద లెక్క’ అంటున్నది ఆ చట్టం కింద శాఖ చేసిన నిబంధన. రేపు డీలరు దగ్గరున్న బండి ఎవరినైనా గుద్దితే, ట్రిబ్యునల్‌లో ఈ రెండూ ఎదురెదురుగా నిలబడతాయి. నిబంధన చట్టాన్ని దాటలేదని వాదించే వకీలు తప్పకుండా ఉంటాడు. ఈ మాటను చట్టంలోనే ఒక వాక్యంగా చేరిస్తే ఆ సందు మూసుకుపోతుంది.

బీమా సంగతి కూడా అరకొరగానే ఉంది. 157వ సెక్షన్ వల్ల థర్డ్ పార్టీ బీమా బండితో పాటే కొత్త యజమానికి వెళ్తుంది. బండి సొంత నష్టానికి ఉండే బీమా అలా దానంతట అది వెళ్లదని సుప్రీంకోర్టు 1990లలోనే చెప్పింది. కాబట్టి టెస్ట్ డ్రైవ్‌లో బంపరు ఊడితే ఎవరి పాలసీ పలుకుతుందన్నది డీలరు ముందే తేల్చుకోవాల్సిన విషయం.

ఇక ఈ పత్రం చెప్పనివీ ఉన్నాయి. మీటరు వెనక్కి తిప్పారో లేదో అది చెప్పదు. వరదలో మునిగి తేలిన బండిని పట్టించదు. గేర్‌బాక్స్‌కు హామీ ఇవ్వదు. డీలరు ఎవరో చెబుతుంది తప్ప డీలరు మంచివాడని చెప్పదు. అది నా దృష్టిలో లోపం కాదు. ఒకే కాగితంతో లోకాన్నంతా బాగుచేయబోయి ఏదీ చేయలేకపోయిన చట్టాలు మనకు కొరత లేదు. అసలు బాధ వేరే ఉంది: అమలు. రాష్ట్రాన్ని బట్టి, ఆఫీసును బట్టి ఇది మారుతోంది. పెద్ద కంపెనీలు పాటించినంత తేలిగ్గా నాలుగు బండ్లు పెట్టుకున్న చిన్న కన్సల్టెంట్ పాటించలేడు. అతనికి చెప్పేవారూ లేరు. ప్రతి ఆర్టీఓ ఆఫీసు తన పరిధిలో 29బి ఉన్న డీలర్ల జాబితాను గోడకు అంటించి, వెబ్‌సైటులో పెడితే జనమే సగం అమలు చేసేస్తారు. దానికి కొత్త నిబంధన కూడా అక్కర్లేదు.

అందాకా పని అమ్మేవారి చేతిలోనే ఉంది. మీరు బండిని డీలరుకు అప్పగించబోతుంటే, ‘పార్క్ అండ్ సేల్’ కింద కమీషన్ మీద వదిలేస్తున్నా సరే, ముందు 29బి చూపించమనండి. దాని గడువు తేదీ చూడండి. ఖాళీ గడులున్న 29, 30 మీద సంతకం పెట్టకండి. 29సి రసీదు నంబరు ఫోనులోకి వచ్చాకే తాళాలివ్వండి.